పేర్లు పలికిన గొంతు

2021 నవంబర్ 18న ఢిల్లీలో నోవీ కపాడియా కన్నుమూశాడు. ఈ కథ పోయేది అక్కడికే. దారిలో ఏదో మలుపు తిరుగుతుందని, ఆఖరి నిమిషంలో గోలు పడుతుందని ఎవరూ ఆశ పెట్టుకోవద్దు. అలాంటి ఆశలు పెట్టుకున్న ఇంట్లోనే పెరిగాను కాబట్టి ముందే చెప్తున్నాను.

ఆ సాయంత్రం రామచంద్రాపురంలో మా ఇంటి అరుగు మీద నాయిన కూర్చుని ఉన్నాడు. చలి అప్పుడప్పుడే ముదురుతోంది. పటాన్‌చెరు దిక్కు నుంచి గాలి మళ్లినప్పుడల్లా ఫ్యాక్టరీల ఘాటు వాసన ముక్కుకు తగిలి పోతోంది. ఫోన్లో వార్త చదివి, ఎట్లా చెప్పాలో తోచక గుమ్మంలోనే కాసేపు నిలబడ్డాను.

"నాయినా, ఢిల్లీ సారు పోయిండట."

"ఏ సారు?"

"ఫుట్‌బాల్ సారు."

నాయిన కళ్లద్దాలు తీసి తువ్వాలతో తుడిచాడు. తుడిచినవాటినే మళ్లీ తుడిచాడు. చాలాసేపటికి, "మరి రహీం సాబ్ ముచ్చట ఇగ ఎవ్వలు జెప్తరు?" అన్నాడు.

నోవీ కపాడియాను నాయిన ఒక్కసారి కూడా కలవలేదు. ఆ పేరు కూడా ఆయన నోట సరిగ్గా పలికేది కాదు. ఇరవై ఏళ్లకు పైగా ఆ మనిషి మా ఇంట్లో ఒక గొంతు, అంతే. కొందరు చుట్టాలు మొఖం చూపించకుండా ఉత్తరాలతోనే దగ్గరవుతారు కదా, అట్లాంటి చుట్టరికం.

బీహెచ్‌ఈఎల్ టౌన్‌షిప్ పక్కన పెరిగినవాళ్లకు ఫుట్‌బాల్ పరాయి ఆట కాదు. దేశం నలుమూలల నుంచి కొలువులకు వచ్చిన జనం తమ పండగల్నీ వంటల్నీ తెచ్చుకున్నట్టే ఆటల్నీ తెచ్చుకున్నారు. మా వరసలోనే ఒక కేరళ సారు ఉండేవాడు. రెండు సందుల అవతల బెంగాలీ కుటుంబం. డ్యూరండ్ కప్పు మ్యాచ్ దూరదర్శన్‌లో వస్తుందంటే వాళ్లందరికీ మా ముందు గదే స్టేడియం. చెక్క షట్టర్ల టీవీ మా ఇంట్లోనే ఉండడం ఒక కారణం, మా అమ్మ ఎన్నిసార్లయినా విసుక్కోకుండా చాయ్ పెట్టడం ఇంకో కారణం. డాబా మీద యాంటెన్నా తిప్పడం నా వంతు. "వచ్చిందా?" అని పైనుంచి నేను, "ఇంకొంచెం, ఇంకొంచెం... ఆఁ పోయింది!" అని కిందినుంచి అక్క. బొమ్మ వచ్చినా రాకపోయినా గొంతు మాత్రం మెట్ల మీదుగా పైదాకా వినబడేది.

ఆ గొంతు ఇంగ్లీషులో మాట్లాడేది. నాయినకు ఇంగ్లీషు రాదు. ఫ్యాక్టరీలో పనికి కావలసిన నాలుగు ముక్కలు వచ్చు, అవి ఫుట్‌బాల్‌కు పనికిరావు. అయినా సెకండ్ షిఫ్టు లేని రోజున కుర్చీ టీవీకి దగ్గరగా లాక్కుని, చెవి కొంచెం పక్కకు వంచి కూర్చునేవాడు. ఆటను కళ్లతో చూసేవాడు, గొంతును దేనికోసమో కాచుకుని వినేవాడు. బంతి బయటికి పోయి ఆట ఆగిన క్షణాన ఆ ఇంగ్లీషు ప్రవాహంలోంచి ఒక పేరు తేలేది. రహీమ్. మరికాసేపటికి తంగరాజ్. ఇంకోనాడు యూసుఫ్ ఖాన్, బలరామ్. హైదరాబాద్ పోలీస్ అన్న మాట వచ్చిందంటే నాయిన తొడ మీద చరుచుకుని మా అందరి వంక తిరిగేవాడు. "ఇన్నరా? గా సారు మనోళ్ల ముచ్చటే జెప్తుండు!"

ఇక అక్కడినుంచి మా గదిలో రెండు కామెంటరీలు నడిచేవి. టీవీలో ఢిల్లీ సారు ఇంగ్లీషు, టీవీ ముందు నాయిన తెలుగు. ఆ రెండూ ఎక్కడా కలిసేవి కావని నాకు చాలా ఏళ్ల తర్వాత గానీ తెలియలేదు. ఆయన చెప్పేది ఆయన చెప్పేవాడు, ఈయన గుర్తు తెచ్చుకునేది ఈయన. పేర్లు మాత్రం ఇద్దరికీ ఒకటే.

కపాడియా పార్సీ మనిషి, ఢిల్లీవాడు. ఢిల్లీ విశ్వవిద్యాలయంలోని శ్రీ గురు తేగ్ బహదూర్ ఖాల్సా కాలేజీలో ఇంగ్లీషు సాహిత్యం చెప్పిన మాస్టారు. తరగతి గది బతుకుతెరువైతే స్టేడియం బతుకే. తొమ్మిది ప్రపంచ కప్పులకు వెళ్లి రాశాడు, మాట్లాడాడు. రేడియోలో, దూరదర్శన్‌లో, ఆ తర్వాత వచ్చిన ప్రైవేటు చానళ్లలో దశాబ్దాల పాటు మన ఫుట్‌బాల్‌కు ఆయనే నోరు. క్రికెట్‌కు వెయ్యి నోళ్లున్న దేశంలో ఇంకో ఆటకు నోరు కావడమంటే ఏమిటో ఊహించండి. ఖాళీ గ్యాలరీలు, ఎండిపోయిన పచ్చిక, బురదలో ఆడే కుర్రాళ్లు. వాళ్లను చూసి జాలి పడకుండా, చులకన చేయకుండా, వాడు ఏ ఊరివాడో, వాడి కోచ్ ఎవరో, వాడు ఆడుతున్న చోట అంతకుముందు ఎవరెవరు ఆడిపోయారో చెప్పేవాడు. నిఘంటువులో పేజీలు తిప్పినట్టు ఆయన తలలో సంవత్సరాలు తిరిగేవి.

ఆ పేజీల్లో చాలా వాటి మీద మన ఊళ్ల పేర్లే ఉన్నాయి. అది ఆయన మనమీద చూపిన దయ కాదు, చరిత్రే అట్లా ఉంది. 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదేళ్లు బొంబాయి రోవర్స్ కప్పు హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టుదే. ఢిల్లీలో డ్యూరండ్ కప్పు 1950లో, 1954లో, 1957లో వాళ్లదే. 1961లో ఆంధ్ర పోలీస్ పేరుతో మరోసారి. ఆ జట్టు వెనక ఉన్నది సయ్యద్ అబ్దుల్ రహీమ్ అనే బడిపంతులు. ఎడమ కాలు రానివాడికి ఎడమ కాలితోనే ఆడాల్సిన పోటీలు పెట్టాడు. డ్రిబ్లింగ్ చేయకూడదు, పాస్ మాత్రమే ఇవ్వాలని ఇంకో పోటీ. కాలికి బద్ధకం వదిలించిన పంతులు. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో ఆయన తీర్చిన జట్టు నాలుగో స్థానంలో నిలిచింది. మన దేశం మళ్లీ అంత ఎత్తు చూడలేదు.

ఇక్కడ కొంచెం ఆగుతాను. ఈ కథలో తలుపులు తెరుచుకుని, ఎవరూ లోపలికి రాక, మళ్లీ మూసుకుపోయిన చోట్లు కొన్ని ఉన్నాయి. వాటిని దాటి గబగబా పోబుద్ధి కాదు.

ప్రపంచమంతా తొంభై నిమిషాలు ఆడుతుంటే మన టోర్నీల్లో డెబ్భై నిమిషాలే ఆడేవాళ్లు. ఆ ఇరవై నిమిషాలు చాలా ఏళ్ల దాకా ఎవరికీ లోటుగా కనబడలేదు. విదేశాల్లో మనవాళ్ల ఊపిరి సరిగ్గా ఆ ఇరవై నిమిషాల్లోనే ఆగిపోయేది. హైదరాబాద్‌లో తయారైన ఆటగాళ్లు ఒక్కొక్కరే కలకత్తా రైలెక్కారు, అక్కడ పేరుంది, డబ్బుంది, మైదానం చుట్టూ జనముంది. సికింద్రాబాద్ అమ్ముగూడ కుర్రాడు తులసీదాస్ బలరామ్ ఈస్ట్ బెంగాల్‌కు పోయి అక్కడే ఉండిపోయాడు. పోయినవాళ్లను తప్పు పట్టడానికి నాకు నోరు రాదు. ఇక్కడ ఉంచుకోవడానికి మనమేం చేశామన్నదే నన్ను తినే ప్రశ్న.

1962 జకార్తా ఆసియా క్రీడలు. అప్పటికే రహీమ్ ఊపిరితిత్తుల్లో క్యాన్సర్ ఉంది. ఫైనల్ సెప్టెంబర్ 4న, దక్షిణ కొరియాతో. మనవాళ్లను చూస్తే మండిపడుతున్న లక్షమంది జనం మధ్య ఆ జట్టు 2-1తో గెలిచి బంగారం తెచ్చింది. పది నెలలు తిరక్కముందే, 1963 జూన్ 11న, రహీమ్ పోయాడు. అదే ఏడు బలరామ్ కూడా ఊపిరితిత్తుల జబ్బుతో ఆట వదిలేశాడు, ముప్ఫై ఏళ్లు కూడా లేవు. ఒకే ఏడాది గురువు ఊపిరి పోయింది, శిష్యుడి ఊపిరి సన్నగిల్లింది. రహీమ్ దగ్గరున్న విద్యను ఎవరైనా కూర్చుని రాసుకుని ఉంటే, ఆయన పేరుతో ఒక్క బడి పెట్టి ఉంటే అని ఇప్పటికీ అనుకుంటాం. అనుకోవడానికి ఖర్చు లేదు కదా.

నాయిన ఫతే మైదాన్‌కు వెళ్లి పోలీసు జట్టు ఆట చూసింది ఆ తర్వాత కాలంలోనే. సంగారెడ్డి నుంచి బస్సెక్కి, మధ్యాహ్నం ఏమీ తినకుండా, టికెట్టు డబ్బులు నడుము దగ్గర ముడేసుకుని. ఎవరు గెలిచారో ఆయనకు గుర్తులేదు. యూసుఫ్ ఖాన్ నుదుటి మీద చెమట గుర్తుందంటాడు. అంత దూరం నుంచి చెమట ఎట్లా కనబడిందని నేనెప్పుడూ అడగలేదు.

మా పక్క మైదానాల ముచ్చట పెద్దగా చెప్పేదేం లేదు. చెరువులున్న చోట ఫ్యాక్టరీలు వచ్చాయి, ఫ్యాక్టరీల నడుమ ఖాళీ ఉన్న చోట వెంచర్ల రాళ్లు వచ్చాయి. నక్కవాగు నీళ్లు రంగు మారిన కాలంలోనే మా ఆటస్థలం కూడా పార్కింగుగా మారింది. ఇప్పుడు పాశమైలారం, బొల్లారం షెడ్లలో పనిచేసే జార్ఖండ్, ఒడిశా, బెంగాల్ కుర్రాళ్లు ఆదివారం పూట రోడ్డు పక్క తుమ్మచెట్ల మధ్య రెండు జతల చెప్పులు గోల్‌పోస్టులుగా పెట్టుకుని ఆడుతుంటారు. వాళ్లను చూసినప్పుడల్లా నాయిన స్కూటర్ ఆపమనేవాడు. దిగేవాడు కాదు, వెనక సీటు మీదే కూర్చుని ఒక కార్నర్ కిక్ అయ్యేదాకా చూసి, "పద" అనేవాడు.

2017లో కపాడియా తన జీవితకాలపు జ్ఞాపకాన్ని పుస్తకంగా తెచ్చాడు. 'బేర్‌ఫుట్ టు బూట్స్' అని పేరు. నేను కొన్నాను. నాయిన పక్కన కూర్చుని అందులో మన పేర్లున్న చోటల్లా వేలు పెట్టి చూపించాను. అప్పుడే ఒక ఆలోచన వచ్చింది: ఆయనకు ఉత్తరం రాయాలి. మీ ఇంగ్లీషు అర్థం కాని ఒక కార్మికుడు మిమ్మల్ని ఇన్నేళ్లు విన్నాడు సార్, ఆయన చూసిన మ్యాచ్ ఏదో మీరు చెప్పగలరా అని అడగాలి. ఉత్తరం మొదలుపెట్టాను కూడా. సగం పేజీ. ఆ ఏడు కాకపోతే వచ్చే ఏడు అనుకున్నాను. ఆ తర్వాతి ఏడాది పని మీద ఢిల్లీ వెళ్లి, ఢిల్లీ గేటు దగ్గర అంబేద్కర్ స్టేడియం ముందు నుంచే ఆటోలో పోయాను. ఆ సాయంత్రం నాకు తీరిక ఉంది. దిగితే ఎవరో ఒకరు ఆయన జాడ చెప్పేవాళ్లే. దిగలేదు. పెద్ద కారణం కూడా లేదు, ఆకలేసింది.

2019లో డ్యూరండ్ కప్పు ఢిల్లీ వదిలి కోల్‌కతాకు పోయింది. 1940 నుంచి ఢిల్లీలో పాతుకున్న టోర్నీ అది. హైదరాబాద్ పోలీసు జట్టు గెలిచిన నేల, కపాడియా తన పేర్లన్నీ ఏరుకున్న నేల. ఆ తర్వాత ఆయనకు వచ్చిన జబ్బు పేరు మోటార్ న్యూరాన్ డిసీజ్. మెదడు నుంచి కండరాలకు కబురు మోసే నరాలు ఒక్కొక్కటిగా ఆరిపోతాయి. కండ కరిగిపోతుంది, కాలు నిలబడదు, చెయ్యి లేవదు. తెలివి మాత్రం చాలామందిలో నిలిచే ఉంటుంది. ఆ తలలో పేజీలు తిరుగుతూనే ఉంటాయి, వాటిని వినిపించే దారులు ఒక్కటొక్కటే మూసుకుపోతుంటాయి. మైదానాల చుట్టూ జీవితమంతా తిరిగిన మనిషి మంచానికి అంటుకుపోయాడు. రిటైరైన మాస్టారి పెన్షన్ కాగితాల చిక్కుల్లో పడింది. 2021లో కేంద్ర క్రీడాశాఖ 4 లక్షల రూపాయల సాయం మంజూరు చేసింది. ఎందరో ఆటగాళ్ల కష్టాలు లోకానికి చెప్పిన మనిషి కష్టాన్ని చెప్పడానికి పాత మిత్రులూ శిష్యులూ పత్రికల్లో రాయాల్సి వచ్చింది.

ఆ ఏడాది ఆగస్టు 22న గుల్బర్గాలో సయ్యద్ షాహిద్ హకీం పోయాడు. రహీమ్ కొడుకు. 1960 రోమ్ ఒలింపిక్స్ జట్టు సభ్యుడు, అంతర్జాతీయ రెఫరీ. తండ్రి కాలం నుంచి మిగిలిన కళ్లు అవి. మూడు నెలలు గడవకముందే ఢిల్లీలో ఈయన. ఆఖరి రోజుల్లో వెంటిలేటర్ మీద ఉన్నాడు. ఊపిరి యంత్రం చేతికి పోయాక మాటకు చోటెక్కడిది? ఒక ఇంటి దీపాలు ఒకరే వచ్చి వరసగా ఊదేసినట్టు అనిపించింది నాకు. చూసినవాడూ లేడు, చెప్పినవాడూ లేడు.

ఇంకో నాలుగు నెలలు. నాలుగే నెలలు.

2022 మార్చి 20. గోవా ఫతోర్డా స్టేడియం, ఇండియన్ సూపర్ లీగ్ ఫైనల్. 2019లో పుట్టిన హైదరాబాద్ ఎఫ్‌సీ ఒక పక్క, కేరళ బ్లాస్టర్స్ ఇంకో పక్క. కరోనా వల్ల ఆ సీజనంతా గోవాలోనే ఆడారు. మా ఇంటికి గంట దూరంలో ఉన్న గచ్చిబౌలి బాలయోగి స్టేడియం ఆ జట్టు సొంత మైదానమే అయినా, ఊరికి దాని గెలుపు కంటి ముందు చూసే రాత లేకపోయింది. రాహుల్ గోలు కొట్టి కేరళను ముందుకు తీసుకెళ్లాడు. 88వ నిమిషంలో హైదరాబాద్ తరఫున సాహిల్ తవోరా దూరం నుంచి గాల్లోనే తన్నిన బంతి వలలో పడింది. పెనాల్టీల్లో మన గోలీ కట్టిమణి మూడు ఆపాడు. 3-1. హైదరాబాద్ ఛాంపియన్.

నేను అరిచాను. నాయిన అరవలేదు. టీవీకి దగ్గరగా కుర్చీ లాక్కుని, పాత అలవాటు కొద్దీ చెవి పక్కకు వంచి కూర్చున్నాడు. "సౌండు పెంచు" అన్నాడు. పెంచాను. ఆటగాళ్లు ఒకరి మీద ఒకరు పడి దొర్లుతున్నారు, కాగితపు ముక్కలు ఎగురుతున్నాయి. నాయిన కదలకుండా వింటున్నాడు. దేనికోసమో నాకు తెలుసు. కప్పు ఇచ్చారు, ఫొటోలు దిగారు, ప్రకటనలు వచ్చాయి. లేచి వెళ్లి పడుకున్నాడు. అప్పుడు గనక ఢిల్లీ సారు ఉండి ఉంటే, ఆ మైకు దగ్గర ఐదు నిమిషాలు, ఐదే నిమిషాలు దొరికి ఉంటే, ఆయన 1950 నుంచి మొదలుపెట్టేవాడని మా ఇద్దరికీ తెలుసు.

2023 ఫిబ్రవరిలో బలరామ్ పోయాడు, బెంగాల్‌లోనే. ఆ తర్వాతి సీజన్‌లో హైదరాబాద్ ఎఫ్‌సీ ఆటగాళ్లకు జీతాలు అందక, విదేశీ ఆటగాళ్లు ఒక్కొక్కరే వెళ్లిపోయి, మిగిలిన కుర్రాళ్లతో ఇరవై రెండు మ్యాచుల్లో ఒక్కటి గెలిచింది. రెండేళ్ల కిందటి ఛాంపియన్ జట్టు అట్టడుగున చేరింది. ఆ ఒక్క గెలుపు రోజున నాయిన నాకు ఫోన్ చేసి, "జూసినవా?" అని మాత్రం అడిగి పెట్టేశాడు.

2025 అక్టోబర్‌లో ఆ జట్టు ఊరు మార్చుకుంది, పేరు మార్చుకుంది. స్పోర్టింగ్ క్లబ్ ఢిల్లీ. వార్త చదివి వినిపించింది ఈసారి కూడా నేనే, అదే అరుగు మీద. నాయినకు ఇప్పుడు చెవులు సరిగా వినబడవు. రెండుసార్లు చెప్పాల్సి వచ్చింది.

"యాడికి పోయింది?"

"ఢిల్లీకి."

తువ్వాలు భుజం మీద నుంచి తీసి ఒళ్లో మడత పెట్టుకున్నాడు. మడత సరిగ్గా రాలేదు, విప్పి మళ్లీ పెట్టుకున్నాడు.

"ఢిల్లీకా," అన్నాడు. "మరి గాడ గా సారు లేడు గదరా."